సంగీతకర్తల జీవితాలు చదివితే వాళ్ల సంగీతం బాగా అర్థమవుతుందా?

పాశ్చాత్య శాస్త్రీయ సంగీతం ఈ మధ్యే వినడం మొదలుపెట్టానని, బాఖ్, మోజార్ట్, బీథోవెన్‌ల జీవిత కథలు కూడా చదివితే వినడంలో తేడా తెలుస్తుందా అని, ఎవరితో మొదలుపెట్టాలని అడిగారు.

తప్పకుండా చదవండి. అయితే కన్నీళ్ల కథల మీద ఎక్కువ ఆశ పెట్టుకోకండి. ఆ మనిషి ఎవరి కొలువులో ఉన్నాడు, జీతం ఎవరిచ్చారు, ఆ రచనను ఎవరు వాయించాలి, ఎవరు వినాలి అన్న సంగతులు వెతకండి. నేను సంగీతం పద్ధతిగా నేర్చుకున్నవాణ్ణి కాను. స్వరలిపి ముందు పెట్టుకుని వేలితో వెంబడిస్తూ వినే అలవాటు మాత్రం చాలాకాలంగా ఉంది. నా చెవికి నిజంగా పనికొచ్చినవి ఈ బతుకుతెరువు వివరాలే.

ప్రచారంలో ఉన్న కథలు చాలాసార్లు వినడానికి అడ్డు పడతాయి. బీథోవెన్ పియానో రచన ‘మూన్‌లైట్’ సొనాటానే తీసుకోండి. బీథోవెన్ ఆ పేరు పెట్టలేదు. రెల్‌స్టాబ్ అనే విమర్శకుడు చేసిన పోలిక అలా అతుక్కుపోయింది. ఆ పేరు ఒకసారి చెవిన పడితే మొదటి భాగంలో వెన్నెల తప్ప మరేమీ వినిపించదు, మూడో భాగంలో ఆ తుఫాను ఎందుకు రేగిందో అంతుపట్టదు. మోజార్ట్‌కు విషం పెట్టాడని నింద మోసిన సాటి సంగీతకర్త సాలియేరి సంగతీ అంతే. మోజార్ట్ పోయాక ఆయన చిన్న కొడుక్కి సంగీతం నేర్పినవాళ్లలో సాలియేరి ఒకడు. ఆ విషం కథను నమ్మినా నమ్మకపోయినా మోజార్ట్ సంగీతంలో ఒక్క స్వరం కూడా అదనంగా అర్థం కాదు.

ఇక హైడన్ దగ్గరికి వద్దాం. మీరు అడిగిన పేర్లలో ఆయన లేడు గానీ నేనైతే ఆయనతోనే మొదలుపెట్టమంటాను. 1761లో ఎస్టర్‌హాజీ ప్రభువుల కొలువులో చేరినప్పుడు ఆయన సంతకం చేసిన ఒప్పందం ఇప్పటికీ ఉంది. కొలువువారి దుస్తుల్లో కనిపించాలి. రోజూ రెండు పూటలా వచ్చి, ఈరోజు సంగీతం కావాలా అక్కర్లేదా అని కనుక్కోవాలి. రాసినవి ప్రభువుకే చెందుతాయి, ఇతరులకు ప్రతులు ఇవ్వకూడదు. తర్వాత వచ్చిన ప్రభువు నికొలాస్‌కు బారిటోన్ అనే అరుదైన తీగల వాద్యం మీద మోజు. అందుకని హైడన్ ఆ వాద్యం ఉన్న త్రయాలే (మూడు వాద్యాల రచనలే) 120కి పైగా రాశాడు. ఇప్పుడు ఆ వాద్యం వాయించేవాళ్లు చాలా అరుదు. ఒక మనిషి సరదా కోసం ఒక మేధావి పడిన శ్రమ అది. నాకు అది తలచుకుంటే కాస్త నవ్వు, కాస్త ఉక్రోషం రెండూ వస్తాయి.

1772లో రాసిన 45వ సింఫనీ (వాద్యబృందమంతా కలిసి వాయించే పెద్ద రచన) ఈ కొలువు బతుకులోంచి పుట్టిందే. ఆ ఏడాది ప్రభువు తన వేసవి భవనంలోనే చాలాకాలం ఉండిపోయాడు. వాద్యకారుల కుటుంబాలేమో దూరంగా ఐజన్‌స్టాట్‌లో ఉన్నాయి. ఇంటికి పోదామంటే ప్రభువు కదలడు, నోరు తెరిచి అడిగే ధైర్యం ఎవరికీ లేదు. హైడన్ ముసలితనంలో చెప్పిన ప్రకారం ఆ విన్నపాన్ని ఈ సింఫనీతోనే చేశాడు. చివరి భాగం ఎలా నడుస్తుందో స్వరలిపి పెట్టుకుని చూడండి. వేగంగా సాగుతున్న సంగీతం ముగిసే ఘట్టానికి వచ్చినట్టే వచ్చి ఆగిపోతుంది. అక్కడినుంచి నింపాదిగా సాగే అడాజియో అందుకుంటుంది. ఊదే వాద్యాల్లో మొదటి ఓబో, రెండో హార్న్ తమ వంతు చిన్న పలుకు పలికి తప్పుకుంటాయి. బసూన్ అనే మరో ఊదే వాద్యం మారుమాట లేకుండా వెళ్లిపోతుంది. రెండో ఓబో, మొదటి హార్న్ కూడా తమ పలుకు పలికి వాటి వెనకే పోతాయి. తర్వాత డబుల్ బాస్‌కు, ఎప్పుడూ అడుగున ఉండే ఆ వాద్యానికి, విడిగా వినిపించే అవకాశం వస్తుంది. అది కాగానే దానికీ సెలవు. చెల్లోలు, వయొలిన్‌లలో ఎక్కువమంది, వయోలాలు వెళ్లిపోయాక గొంతు తగ్గించిన రెండు వయొలిన్‌లు మాత్రం మిగులుతాయి. వాద్యకారులు ఒక్కొక్కరే కొవ్వొత్తి ఆర్పి లేచి వెళ్లారంటారు. ప్రభువుకు సంగతి అర్థమై బయలుదేరమని ఆజ్ఞ ఇచ్చాడట. ఈ నేపథ్యం తెలియకుండా వింటే ఆ ముగింపు నీరసంగా తోస్తుంది. తెలిసి వింటే వరసలో తర్వాత లేచేది ఎవరా అని చెవి కాచుకుని ఉంటుంది.

బాఖ్ విషయంలో ఆయన రాసిన ఒక ఉత్తరం నాకు చాలా ఇష్టం. 1723లో లైప్‌జిగ్‌లో చర్చి సంగీతం బాధ్యత ఆయనకు దక్కింది. నగర మండలి మొదట కోరుకున్నది టెలిమన్ అనే మరో సంగీతకర్తను. ఆయన రానన్నాకే, మరొకరు కూడా కుదరకపోయాకే బాఖ్ వంతు వచ్చింది. 1730లో చిన్ననాటి స్నేహితుడు ఎర్డ్‌మన్‌కు రాస్తూ బాఖ్ తన రాబడి కష్టాలు ఏకరువు పెట్టాడు. ఊళ్లో చావులు ఎక్కువైతే అంత్యక్రియల సంగీతానికి వచ్చే సొమ్ము పెరుగుతుంది, మంచి గాలి వీస్తే తగ్గుతుంది, నిరుడు ఆ ఖాతాలో 100 థాలర్లకు పైగా నష్టపోయానని లెక్క చెప్పాడు! మహానుభావుడని దండం పెట్టే ముందు ఈ ఉత్తరం చదవడం మంచిది. ఇల్లు నిండా పిల్లలు, వారం వారం చర్చిలో పాడించాల్సిన కాంటాటాలు (వాద్యాలతో పాడే రచనలు), పైగా పైవాళ్లతో తగాదాలు. మనకు మిగిలిన సుమారు 200 కాంటాటాలలో ఎక్కువ భాగం ఇలా వచ్చే ఆదివారానికి సిద్ధం కావాల్సిన పనిగా పుట్టినవే.

మోజార్ట్ 1781లో సాల్జ్‌బర్గ్ ఆర్చ్‌బిషప్ కొలువు వదులుకున్నాడు. నిజానికి ఆర్కో అనే దొర కాలితో తన్ని బయటికి పంపాడని తండ్రికి తానే ఉత్తరం రాశాడు. వియన్నాలో సొంతంగా బతకాలంటే కచేరీలు పెట్టాలి, వాటిలో తానే పియానో వాయించాలి. 1784 ఒక్క ఏడాదిలో ఆరు పియానో కన్చెర్టోలు (వాద్యబృందం తోడుగా పియానో ముందుండి నడిచే రచనలు) చాలావరకు అందుకే వచ్చాయి. 26వ కన్చెర్టో చేతిరాత ప్రతిలో చాలాచోట్ల పియానో ఎడమచేతి వరస ఖాళీగా ఉంటుంది. వాయించేది తానే కాబట్టి తనకు తాను రాసుకోనక్కర్లేదు కదా. ఇప్పుడు మనం వినే ఆ ఎడమచేతి భాగాన్ని అచ్చు వేసేటప్పుడు వేరేవాళ్లు పూరించారు. ఈ సంగతి తెలిశాక ఆ కన్చెర్టో వింటున్నప్పుడల్లా కుడిచేయి వెంట ఎడమచేయి మరీ బుద్ధిగా నడుస్తోందేమోనని అనుమానం వస్తుంది.

జీవితం చదివితే అంతా తేలిపోతుందని మాత్రం అనుకోకండి. 1788 వేసవిలో మోజార్ట్ స్నేహితుడు పుఖ్‌బెర్గ్‌ను అప్పు కోసం బతిమాలుతూ ఉత్తరాలు రాశాడు. జూన్ 29న పసికూతురు చనిపోయింది. అదే వేసవిలో, సుమారు ఆరు వారాల తేడాలో, చివరి మూడు సింఫనీలు పూర్తయ్యాయి. 40వది దుఃఖంగా ఉందని దాన్ని ఆ చావుకు ముడిపెట్టేవాళ్లున్నారు. మరి ఆగస్టు 10 తేదీ వేసిన 41వది పండగలా ఎందుకుంది? ఆ మూడింటినీ ఎవరు అడిగి రాయించారన్నదానికి గట్టి ఆధారం లేదు కాబట్టి నేను చెబుతున్న జీతం లెక్క కూడా ఇక్కడ చెల్లదు. బీథోవెన్ కూడా 1802లో చెవుడు గురించి, చావు గురించి హైలిగెన్‌స్టాట్‌లో తమ్ముళ్లను ఉద్దేశించి గుండె పిండే లేఖ రాశాడు. ఆ ఏడాదే పూర్తి చేసిన రెండో సింఫనీ ఉత్సాహంతో ఉరకలు వేస్తుంది.

బీథోవెన్ చెవుడు గురించి అందరూ చెబుతారు కాబట్టి నేను డబ్బు సంగతే చెబుతాను. 1808 డిసెంబర్ 22న తన లాభం కోసం తానే ఒక కచేరీ పెట్టుకున్నాడు. చలికి వణుకుతూ జనం సుమారు నాలుగు గంటలు కూర్చున్నారు. ఐదో సింఫనీ, ఆరో సింఫనీ, నాలుగో పియానో కన్చెర్టో అన్నీ ఆ ఒక్క సాయంత్రమే. చివర్లో హడావిడిగా రాసిన కోరల్ ఫాంటసీ (పియానో, వాద్యబృందం, గాయక బృందం కలిసే రచన) మధ్యలో గాడి తప్పితే ఆపి మళ్లీ మొదలుపెట్టించాడు. మరుసటి ఏడాది, వియన్నా వదిలి వెళ్లకుండా ఉంటే చాలని ముగ్గురు ప్రభువులు ఏటా 4000 ఫ్లోరిన్లు ఇస్తామని ఒప్పుకున్నారు. హైడన్ ఒప్పందంతో పోల్చి చూడండి: దుస్తుల షరతు లేదు, రెండు పూటలా హాజరు లేదు. 1811లో డబ్బు విలువ పడిపోయి, 1812లో ఆ ముగ్గురిలో ఒకరు గుర్రం మీంచి పడి చనిపోయి ఆ ఏర్పాటు కూడా చిక్కుల్లో పడిందనుకోండి.

మొదట ఏం వినాలంటే, హైడన్ 45వ సింఫనీ చివరి భాగం, తర్వాత మోజార్ట్ 20వ పియానో కన్చెర్టో. ఇది మొదటిసారి వాయించే రోజుకు కూడా ప్రతులు రాసే పని పూర్తి కాలేదని, చివరి భాగం ఒక్కసారి వాయించి చూసుకునే తీరిక కూడా కొడుక్కి దొరకలేదని తండ్రి లియొపోల్డ్ ఉత్తరంలో రాశాడు. బాఖ్‌ను కాంటాటాలతో మొదలుపెట్టకండి, జర్మన్ మాటలు, మత సందర్భం తెలియక విసుగు రావచ్చు. లైప్‌జిగ్‌కు ముందు కోథెన్‌లో ఆయన కొలువు చేసిన చోట చర్చిలో ఆర్భాటమైన సంగీతానికి తావు లేదు. అందువల్ల ఆ ఏళ్లలో ఎక్కువగా వాద్యాల కోసమే రాశాడు. బ్రాండెన్‌బర్గ్ కన్చెర్టోలను 1721లో కానుకగా పంపింది అక్కడినుంచే. వాటిలో ఐదోది వినండి. మొదటి భాగం చివర్లో మిగతా వాద్యాలన్నీ ఊరుకుని పియానోకు ముందుతరం వాద్యమైన హార్ప్సికార్డ్ ఒక్కటే చాలాసేపు విజృంభిస్తుంది.