ఆస్కార్ దాకా వెళ్లిన సినిమాలో హీరో అయ్యుండి నార్వే నటుడు జాక్ ఫ్యెల్‌స్టాడ్ ఎందుకు పెద్ద తార కాలేదు?

1958లో విదేశీ భాషా చిత్రాల ఆస్కార్ పోటీలో మన ‘మదర్ ఇండియా’ పక్కనే నార్వే నుంచి అతను హీరోగా చేసిన ‘నీ లివ్’ (తొమ్మిది ప్రాణాలు, 1957) కూడా ఉంది. రెండింటినీ ఇటలీ దర్శకుడు ఫెల్లిని తీసిన ‘నైట్స్ ఆఫ్ కబీరియా’ ఓడించింది. నర్గీస్‌కి దొరికిన పేరు ఫ్యెల్‌స్టాడ్‌కి దొరకలేదంటే, ప్రతిభ తక్కువై కాదు. నార్వేలో అప్పట్లో సినిమా మీదే బతికే నటుడు అన్న ఉద్యోగమే దాదాపు లేదు.

దీనికి మూలం 1913 నాటి చట్టం. సినిమా హాలు నడపాలంటే మునిసిపాలిటీ అనుమతి ఉండాలన్నారు. కొన్నాళ్లకు మునిసిపాలిటీలే హాళ్లు నడపడం మొదలెట్టాయి. టికెట్ డబ్బు ఊరి ఖజానాకి పోయింది, తిరిగి సినిమా తీయడానికి రాలేదు. హాళ్ల లాభంతో స్టూడియో కట్టి నటులకి నెల జీతమిచ్చే నిర్మాత పుట్టకపోవడానికి కారణం ఇదే. ఓస్లో పక్కన యార్‌లో స్టూడియో 1935లో గానీ రాలేదు. వసూళ్లను బట్టి ప్రభుత్వ సాయం అందడం 1950 నుంచి. జనాభా 35 లక్షలు, ఏడాదికి పది సినిమాలు అటూ ఇటూ. ఆ లెక్కలో ఎవరు బతుకుతారు?

కాబట్టి జీతం నాటకశాలది, సినిమా పైసంపాదన. శరదృతువు నుంచి వసంతం దాకా నాటకాలు, వేసవి సెలవుల్లో కాల్షీట్లు. ఆ కాలపు నార్వే సినిమాల్లో ఎండ అంత కాయడానికి సగం కారణం ఇదేనని నా వాదన. ఇంకో చిక్కు గొంతు. చివరి వరసకి వినబడేలా పలికే అలవాటు మైకు ముందు కూడా పోదు. పక్కన కూర్చున్న భార్యతో కూడా సభలో మాట్లాడినట్టే మాట్లాడతారు.

ఫ్యెల్‌స్టాడ్ ఆ ఉచ్చులో పడలేదు. ‘నీ లివ్’లో అతనిది యాన్ బోల్స్‌రూడ్ పాత్ర. నిజంగా జరిగిన కథే. నార్వే జర్మన్ల ఆక్రమణలో ఉండగా, 1943 మార్చిలో బ్రిటన్‌లోని షెట్లాండ్ దీవుల నుంచి విధ్వంసం పని మీద పడవలో వచ్చిన పన్నెండు మందిలో జర్మన్లకి చిక్కకుండా బయటపడ్డవాడు ఇతనొక్కడే. మంచు చరియ విరిగిపడి అందులో చిక్కుకున్నాడు, మంచు మెరుపుకి కొన్నాళ్లు చూపు పోయింది, కుళ్లు పాకకుండా కాలివేళ్లు తనే కోసుకున్నాడు, చివరికి ఊరివాళ్లు స్లెడ్జికి కట్టి కొండలెక్కిస్తే, అక్కడి సామీ తెగవాళ్లు స్వీడన్ చేర్చారు. నటుడికి ఇది ఎంత కష్టమో చూడండి: చివరి భాగంలో నడవడానికి లేదు, చేతులాడించడానికి లేదు, అరిస్తే జర్మన్లు వింటారు. నాటకం నేర్పిన పనిముట్లన్నీ దర్శకుడు ఆర్నె స్కౌయెన్ లాగేసుకున్నాడు. మిగిలింది కళ్లూ ఊపిరీ. వాటితోనే అంతా చేశాడు, అందుకే ఈనాటికీ పాతబడలేదు. 2017లో ఇదే కథ మళ్లీ తీసి, వెంటాడే జర్మన్ అధికారికి బోలెడంత చోటిచ్చారు. ఆ కథలో అసలు విలన్ చలి. ఆ కొత్త సినిమా చూసి ‘నీ లివ్’ చూసేశామనుకునేవాళ్లతో విసుగొస్తుంది.

సినిమాతోనే బతకాలనుకున్నవాళ్లు దేశం దాటారు. నటి సోనియా విగెర్ట్ స్వీడన్ వెళ్లిపోయింది. 1937లో ‘ఫాంట్’లో ఆమె పక్కన చేసిన ఆల్ఫ్రెడ్ మౌర్‌స్టాడ్ మాత్రం నార్వేలోనే ఉన్నాడు. రెండేళ్లకి ‘యెస్ట్ బోర్డ్‌సెన్’లో జైళ్ల నుంచి పారిపోయే దొంగగా చేశాడు. రెండూ టాంక్రెడ్ ఇబ్సెన్ తీసినవే. అక్కడి సినిమా స్టార్ అంటే నా దృష్టిలో ఆల్ఫ్రెడ్ ఒక్కడే, అతనూ నాటకం వదల్లేదు.

ఆల్ఫ్రెడ్ కొడుకు తోరాల్వ్ లండన్‌లోని రాడా అనే నాటక విద్యాలయంలో చదివాడు. 1970లో ‘సాంగ్ ఆఫ్ నార్వే’ అనే అమెరికన్ సంగీత చిత్రంలో నార్వే సంగీతకర్త గ్రీగ్ వేషం వేశాడు. విమర్శకులు ఆ సినిమాని చీల్చి చెండాడారు. అతనికి పోయిందేమీ లేదు. అప్పటికే ఓస్లో న్యే నాటకశాల డైరెక్టరు, 1978లో ఏకంగా నేషనల్ థియేటర్‌ డైరెక్టరయ్యాడు.