డిప్లొమా మెకానికల్ అయ్యాక ఫౌండ్రీలో, అంటే లోహం కరిగించి అచ్చుల్లో పోసే కర్మాగారంలో చేరొచ్చా? కంప్యూటర్లు, త్రీడీ ప్రింటర్లు వచ్చాక ఆ పని మిగులుతుందా?

నిశ్చింతగా చేరండి. మాది నెల్లూరు వైపు. చెన్నై అంబత్తూరు ఎస్టేట్‌లో పోత ఇనుము ఫౌండ్రీలో 16 ఏళ్లుగా పనిచేస్తున్నాను.

చేరిన కొత్తలో ఓ పంపు బాడీ మమ్మల్ని రెండు నెలలు ఏడిపించింది. పైకి నున్నగానే ఉండేది. ప్రెజర్ టెస్టులో పెడితే ఫ్లాంజ్ (బోల్టులతో బిగించే మందపాటి అంచు) పక్కన చెమట పట్టినట్టు తడి. కోసి చూస్తే లోపల స్పాంజిలా బొరియలు. లోహం గడ్డకట్టేటప్పుడు కుంచించుకుపోతుంది. మందంగా ఉన్న చోటు అన్నిటికన్నా ఆఖర్న గడ్డకడుతుంది. దానికి లోహం అందించాల్సిన రైజర్ (అచ్చులో కరిగిన లోహం అదనంగా నిలిచే గుంట) అంతకుముందే గట్టిపడితే ఆ ఖాళీ ఖాళీగానే మిగిలిపోతుంది. రైజర్ సైజు మార్చి పోశాం, చోటు మార్చి పోశాం. ప్రతిసారీ మళ్లీ అచ్చు, మళ్లీ కరెంటు ఖర్చు, చివరికి తుక్కు.

తర్వాత అదే బాడీకి సిమ్యులేషన్ చేయించాం, అంటే పోతను ముందే కంప్యూటర్‌లో పోసి చూడడం. ఐఐటీ బాంబేలో పుట్టిన ఆటోకాస్ట్ లాంటి సాఫ్ట్‌వేర్లు ఇందుకే. ఏ మూల ఆఖర్న గడ్డకడుతుందో రంగుల్లో చూపిస్తాయి. ఫ్లాంజ్ దగ్గర ఎర్రగా కనిపించింది. అచ్చులో అక్కడ చిల్ అనే ఇనుప ముక్క పెట్టాం, అది వేడిని లాగేసింది. మొదటి పోతకే లీకు పోయింది. ఆ రోజు పీసును చేత్తో నిమురుతూ చాలాసేపు అక్కడే నిలబడ్డాను.

త్రీడీ ప్రింటర్ అయితే ప్యాటర్న్ (ఇసుకలో ఆకారం దించే నమూనా) లేకుండానే, సుమారు 0.3 మిల్లీమీటర్ల పొరలుగా ఇసుక అచ్చు తయారుచేస్తుంది. ఒకటి రెండు పీసులకు చాలా మంచిది. వేలల్లో కావాలంటే గిట్టుబాటు కాదు.

ఇక ఇసుక సంగతి. మా గ్రీన్ శాండ్‌లో, అంటే బంకమట్టి, నీళ్లు కలిపిన అచ్చు ఇసుకలో తేమ 3, 4 శాతం ఉండాలి. నవంబరు వానల్లో అది కాస్త పెరిగిందా, ఆవిరి లోహంలోకి దూరి బ్లోహోల్స్ (బుడగల్లాంటి బొరియలు) వస్తాయి. సిమ్యులేషన్‌కు మనమిచ్చిన అంకెలే తెలుసు, ఆ పొద్దు షెడ్డులో ఇసుక ఎలా ఉందో తెలియదు. మా మోల్డింగ్ (ఇసుక అచ్చులు చేసే) మేస్త్రి గుప్పెడు ఇసుక పిడికిట్లో నొక్కి, ముద్దను మధ్యకు విరుస్తారు. వేళ్ల గుర్తులు నిలిచి, అంచు చెదరకుండా విరిగి, చేతికి అంటకపోతే సరే. దాన్ని తమిళంలో ‘పదం’ అంటారు, మన రైతులు దుక్కికి ‘పదును’ అన్నట్టే. ల్యాబు రీడింగ్ తర్వాత వస్తుంది, ఎక్కువసార్లు ఆయన మాటతోనే కలుస్తుంది.

అందుకే ఇంటర్వ్యూలో ఏ సెక్షన్ కావాలని అడిగితే మోల్డింగ్ అనండి. ఏడాది ఇసుక దగ్గర, ఫర్నేస్ దగ్గర నిలబడ్డాక సాఫ్ట్‌వేర్ నేర్చుకోండి. అప్పుడు తెర మీద ఎర్ర మచ్చ కనిపించగానే ఏం చేయాలో మీకే తడుతుంది.