శోషణా, గ్రహణమా, ఇంకడమా?

ప్రశ్న: మా నాన్నకు పోయిన నెలలో పెట్ స్కాన్ తీయించినాం. రిపోర్టులో ‘మెదడు, గుండె, మూత్రాశయంలో ఫిజియలాజికల్ అప్‌టేక్’ అని ఉంది. ఫోన్లో తెలుగు చేసి చూస్తే ‘శారీరక శోషణ’ అని వచ్చింది. ఇంట్లో అందరికీ ఒకటే టెన్షన్. మెదడు ఎండిపోతోందేమో అని మా అమ్మ ఏడుపు. శోషణ అనే మాట ఇక్కడ సరైనదేనా? గ్రహణం అనొచ్చా? — ఒక పాఠకుడు, ప్రొద్దుటూరు

సమాధానం: మీ అమ్మగారికి తెలుగు బాగా వచ్చునయ్యా, రానిది ఫోనుకే. శోషణ అంటే మొదట ఎండబెట్టడమే. శుష్ అనే ధాతువు నుంచి వచ్చింది, శుష్కం దాని తోబుట్టువు. శోష వచ్చి పడిపోయాడంటాం, వినేవాడు లేనిచోట మాట్లాడి కంఠశోష తెచ్చుకుంటాం. మన్మథుడి అయిదు బాణాల్లో శోషణం ఒకటి, అది తగిలినవాడు విరహంతో చిక్కి సగమవుతాడు. పీల్చుకోవడం అనే అర్థాన్ని మనకు అలవాటు చేసింది సైన్సు పాఠ్యపుస్తకాలు, అవి అధిశోషణం అని ఇంకోటి కూడా తగిలించాయి. హిందీవాళ్లకైతే శోషణ్ అంటే దోపిడీ. పరీక్ష రాసే పిల్లలకు ఆ మాట ఉంటే ఉండనీ, జబ్బుమనిషి ఉన్న ఇంట్లోకి దాన్ని తేవడం ఎందుకు?

గ్రహణం అర్థానికి దగ్గరే, పాణిగ్రహణంలో ఉన్నది అదే, కానీ ‘మెదడుకు గ్రహణం’ అని చదివి మీ అమ్మగారు దర్భలు వెతుక్కుంటారు.

అసలు లోపల జరిగేదేమిటో తెలియకుండా మాట తేల్చకూడదని, ఈ స్కాన్లు చదివే ఒక డాక్టరమ్మను కూర్చోబెట్టి అడిగాను. ఎక్కించే మందు ఎఫ్‌డీజీ, అంటే చక్కెరలాంటిదే, దాని ఒంటికి ఫ్లోరిన్-18 అనే రేడియోధార్మిక పదార్థం తగిలించి ఉంటుంది. కణం దాన్ని చక్కెరే అనుకుని లోపలికి లాక్కుంటుంది, అరిగించడంలో మొదటి మెట్టు ఎక్కిస్తుంది, ఆ పైన మాత్రం అది ముందుకు సాగదు, బయటికీ తేలిగ్గా రాదు, అక్కడే చిక్కుకుంటుంది. ఫ్లోరిన్ నుంచి వెలువడే పాజిట్రాన్ (ఎలక్ట్రాన్‌కు ఎదురు ఆవేశమున్న కణం) పక్కనున్న ఎలక్ట్రాన్‌ను తగిలి రెండూ మాయమైతే, రెండు కిరణాలు ఎదురెదురు దిక్కులకు పోతాయి. చుట్టూ ఉన్న యంత్రం వాటిని పట్టుకుని బొమ్మ గీస్తుంది. ఆ ఫ్లోరిన్ 110 నిమిషాలకు సగమైపోతుంది కాబట్టి అంతా తొందరగా కావాలి, అయినా సూది వేశాక ఓ గంట కదలకుండా కూర్చోబెడతారు, మందు ఒంట్లో ఇంకాలి కదా.

చూశారా, నోటికి దానంతటదే వచ్చింది. ఇంకు. ఎవరింట్లోనూ అప్పు తేనక్కర్లేని మాట, పక్కన కన్నడంలోనూ ఇంగు అనే ఉంది. (కలంలో పోసే ఇంకు వేరు, అది ఇంగ్లీషుది.) వాన కోసం మొగులు చూసే మన సీమలో ఈ క్రియకు ఉన్న పలుకుబడి డెల్టావాళ్లకు సగమే తెలుసు. ఇక్కడ వాన ఎంత కురిసిందని కాదు, ఎంత లోతు ఇంకిందని అడుగుతారు. చేలో గుంత తీసి తడిమట్టి చూసి బెత్తెడనో జానెడనో చెబుతారు. అనంతపురం ఎర్రనేలలో నీళ్లు ఇట్టే ఇంకి ఇట్టే ఆరిపోతాయి, మీ ప్రొద్దుటూరు వైపు నల్లరేగడిలో నిదానంగా ఇంకి నిలిచి ఉంటాయి. అదే వాన, నేలను బట్టి ఇంకడం. పెట్ బొమ్మ చెప్పేదీ ఇంతకంటే వేరేమీ కాదు. ఇంకుడుగుంత అని ప్రభుత్వం వాళ్లే గోడల మీద రాయించారు, ఆ మాట డాక్టర్ల దాకా పోలేదు, అంతే. చెరువు ఇంకింది అన్నప్పుడు ఎండిన అర్థం దీనికీ ఉంది కదా అని మీరు నన్ను పట్టుకోవచ్చు. ఉంది. కానీ తలకు నూనె ఇంకిందంటే ఎవరూ భయపడరు, శోషించిందంటే భయపడతారు.

ఇక ‘శారీరక’. ఫిజియలాజికల్ అంటే అక్కడ ఒంటికి సంబంధించినదని కాదు, ఆ అవయవం తన పని తాను చేసుకుంటుంటే కనిపించేదని. శరీరధర్మం కొద్దీ ఇంకింది అంటే సరిపోతుంది. మెదడు తిండే చక్కెర, అందుకని ఎప్పుడూ గట్టిగా వెలుగుతుంది, వెలగకపోతేనే ఆలోచించాలి. గుండెను నమ్మలేం, పరగడుపున కొవ్వు కాల్చుకుని చక్కెర జోలికి అంతగా పోదు, ఒకరికి వెలుగుతుంది, ఒకరికి వెలగదు. కార్జం ఒకే తీరుగా మధ్యస్థంగా ఉంటుంది, అందుకే చాలాచోట్ల దాన్నే కొలబద్దగా పెట్టుకుంటారు. షుగరుకు మెట్‌ఫార్మిన్ వాడేవాళ్ల పేగులు బాగా వెలగొచ్చు. గది చల్లగా ఉంటే మెడ దగ్గరి గోధుమరంగు కొవ్వు వెలుగుతుంది, దుప్పటి కప్పేది అందుకే. సూది వేశాక కబుర్లు పెట్టుకుంటే గొంతు కండరాలు వెలుగుతాయట. దాన్ని మాత్రం కంఠశోష అనడానికి నాకేం అభ్యంతరం లేదు. అలాగని ఒకపక్కే వెలిగిన గొంతును కొట్టిపారేయకూడదని, రెండోపక్క స్వరతంత్రి చచ్చుబడి ఉండొచ్చని డాక్టరమ్మ హెచ్చరించింది.

మూత్రాశయం దగ్గర నా మాట కూడా నిలవదు. అసలైన చక్కెరను మూత్రపిండాలు వడగట్టి మళ్లీ రక్తంలోకి తీసుకుంటాయి, ఎఫ్‌డీజీని అలా తీసుకోలేక కిందికి వదిలేస్తాయి. అక్కడ వెలిగేది సంచి కాదు, అందులోని మూత్రం. స్కాన్‌కు ముందు పోసి రమ్మనేది అందుకే. దాన్ని ఇంకడం అనకూడదు, చేరడం అనాలి. ఇంగ్లీషువాళ్లు రెంటినీ అప్‌టేక్ అనే గంపలోనే వేశారు, మనం కూడా వేయాలా?

ఈ లెక్కంతా ఎఫ్‌డీజీకే. ప్రోస్టేటు క్యాన్సర్ స్కానుకు వాడే పీఎస్‌ఎంఏ మందైతే మెదడు చీకటిగా ఉండి, లాలాజల గ్రంథులు, కన్నీటి గ్రంథులు వెలుగుతాయి. కాబట్టి ఏ మందో చూడకుండా రిపోర్టు తెలుగు చేయకండి, చేసినా ‘శరీరధర్మం కొద్దీ’ అనొచ్చో లేదో చెప్పాల్సింది మీ డాక్టరే, నేను మాట వరకే.

కింద ‘ఎఫ్‌డీజీ అవిడ్’ అని ఉంటే దాన్ని మీ ఫోను ‘ఆసక్తిగల’ అంటుంది, గ్రంథికి ఆసక్తేమిటి నా మొహం! మనకు ఆబ అని బంగారంలాంటి మాట ఉంది, ఆబగా తింటోందనండి. ఆబ ఉన్నంత మాత్రాన క్యాన్సరేనని కాదు, టీబీ గడ్డ, మానుతున్న గాయం కూడా ఆబగానే తింటాయి. ‘నాన్ అవిడ్’కు ఏమనాలో నేనింకా తేల్చుకోలేదు, అంతవరకు ఇంకలేదు అనండి.