డబ్బాలో గుడ్డు వెనక్కి పంపారని ఏడ్చావు కదా

బుజ్జీ,

పాప టిఫిన్ డబ్బాలో గుడ్డు ఉందని స్కూలు వాళ్ళు వెనక్కి పంపారని నిన్న ఫోన్‌లో చెప్పావు. నీ గొంతు విని రాత్రి నిద్ర పట్టలేదు, అందుకే రాస్తున్నాను. ముందు ఆ తల్లిదండ్రుల వాట్సాప్ గ్రూపులో నువ్వు పెట్టిన మెసేజ్ తీసెయ్. అక్కడ పెద్దవాళ్ళు అనుకునే ప్రతి మాటా రేపు పాప పక్కన బెంచీలో కూర్చునే పిల్లల నోట్లోంచే వస్తుంది.

మీ అన్న బెంగళూరు వైట్‌ఫీల్డ్‌లో చదివేటప్పుడు నేనూ ఇలాగే ప్రిన్సిపాల్ గదిలోకి వెళ్ళి ఎగిరిపడ్డాను. ఆయన సరే పంపుకోండి అన్నాడు, గెలిచాననుకున్నా. వీడు మాత్రం నెల రోజులు డబ్బా మూత సగమే తెరిచి, మోచేయి అడ్డం పెట్టుకుని తిన్నాడట, ఆయా చెబితే తెలిసింది. సాయంత్రం చూస్తే ఆమ్లెట్ చుట్టిన చపాతీ ఒక కొస కొరికి ఉండేది, అంతే.

కాబట్టి క్లాస్ టీచర్ దగ్గరికి ఒక్కదానివే వెళ్ళు. గుడ్డు తేకూడదనే రూలు ఎక్కడ రాసి ఉందో చూపించమని మెల్లగా అడుగు. అడ్మిషన్ అప్పుడు నువ్వే సంతకం పెట్టి ఉంటే ఇంక వాదన లేదు, గుడ్డు పొద్దున్నే ఇంట్లో తినిపించి పంపు. రాసి లేకపోతే మాత్రం వదలకు. ఇదే కర్ణాటకలో సర్కారు బడిలో గుడ్డు తినే పిల్లలకి గుడ్డు, తినని వాళ్ళకి అరటిపండు ఇస్తున్నారు, అందరూ ఒకే వరసలో కూర్చుని తింటున్నారు, మన పిల్లలకి ఎందుకు కుదరదు అని అడుగు.

అసలు నువ్వు గట్టిగా పట్టుకోవాల్సింది ఆ క్యాంటీన్‌ని. కొవ్వు, చక్కెర, ఉప్పు ఎక్కువున్న తిండి స్కూల్లో గానీ గేటు నుంచి 50 మీటర్ల లోపు గానీ అమ్మకూడదని, తిండి భద్రత చూసే కేంద్ర సంస్థ ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ 2020లోనే నిబంధన పెట్టింది. పాప రోజూ కూల్‌డ్రింకు కొనుక్కుంటోందన్నావు, అది ఏ లెక్కన అమ్ముతున్నారట? ఇది మాత్రం గుడ్డు గొడవతో కలపకుండా నలుగురు తల్లిదండ్రులతో కలిసి కాగితం మీద రాసి ఇవ్వు. (అంతకు ముందే నువ్వు స్నాక్స్ డబ్బాలో పెట్టే క్రీమ్ బిస్కెట్లు మానెయ్ తల్లీ, లేకపోతే స్కూలు వాళ్ళు మొదట అదే ఎత్తుతారు.)

గుడ్డు వాసన అన్న మాట పాప ముందు ఎవరూ అనకుండా చూసుకో, నువ్వు కూడా. శనివారం వస్తున్నా, గోంగూర తెస్తాను.

మీ పెద్దమ్మ