సమాధానం: మెషిన్ షాప్‌లో వేలిముద్రలు పడట్లేదు, నైట్ షిఫ్ట్‌కి ఆబ్సెంట్ వస్తోంది

అండీ, మీ హాజరు మెషిన్ గురించి మీరు రాసినవి రెండు వేర్వేరు జబ్బులు: వేలిముద్రలు పడకపోవడం, నైట్ షిఫ్ట్‌కి వచ్చినవాళ్లకీ ఆబ్సెంట్ పడటం. కూలెంట్ (మెషిన్ పనిలో వేడి తగ్గించే ద్రవం), గ్రైండింగ్ పొడి వల్ల వేలి గీతలు అరుగుతాయి, సెన్సర్ అద్దం మీద నూనె పొర పేరుకుంటుంది. వేలిముద్రదే ఇంకో మెషిన్ కొంటే డబ్బు దండగ. అద్దాన్ని షిఫ్టుకోసారి మెత్తటి పొడిగుడ్డతో తుడిపించండి. చేతులు కడిగి ఆరాక, ఒక్కొక్కరివి రెండు చేతుల నుంచి నాలుగు వేళ్లు నమోదు చేయండి. పనిలో తక్కువ అరిగే ఉంగరపు వేలు తప్పక ఉండాలి. అప్పటికీ పడనివాళ్లకి కార్డు ఇవ్వండి, లేదా ముఖం గుర్తించే మెషిన్ పెట్టండి (ఎండ నేరుగా పడేచోట వద్దు).

నైట్ షిఫ్ట్ తప్పు మాత్రం వేళ్లది కాదు, సాఫ్ట్‌వేర్‌ది. రాత్రి 10కి ఇన్, ఉదయం 6కి అవుట్ రెండు తేదీల్లో పడి, రెండు రోజులూ సగం పంచ్‌లే (మెషిన్‌లో నమోదైన రాక, పోక సమయాలు) కనిపిస్తాయి, అందుకే ఆబ్సెంట్ వస్తోంది. షిఫ్ట్ మాస్టర్‌లో (సాఫ్ట్‌వేర్‌లో షిఫ్టుల వేళలు పెట్టేచోట) దాన్ని అర్ధరాత్రి దాటే షిఫ్టుగా గుర్తించి, అవుట్ పంచ్‌ను మర్నాడు ఉదయం 9 దాకా వెతికేలా పెట్టండి. ఈ మార్పు ఆ ఒక్క షిఫ్టుకే. అందరికీ పెడితే ఉదయం 6కి వచ్చేవాళ్ల ఇన్ పంచ్ నిన్నటి ఖాతాలో పడుతుంది. తర్వాత ఈ నెల మొత్తం రీప్రాసెస్ చేయండి, అంటే హాజరును సాఫ్ట్‌వేర్‌తో మళ్లీ లెక్క వేయించండి. అసలు పంచ్‌లను చేత్తో దిద్దొద్దు, రేపు ఓవర్‌టైమ్ రెట్టింపు వేతనం మీద గొడవొస్తే చూపించడానికి అవే ఆధారం.