తుపాకీ పక్కన పెట్టి మొదలుపెట్టు

అమ్మాయ్, ఆశీస్సులు.

అమెరికా సుప్రీంకోర్టు జడ్జిగా చేసిన స్టీఫెన్ ఫీల్డ్ మీద నువ్వు రాసిన కథ చదివాను. వచనం బాగుంది, ఆ ముక్క అంతటితో సరి. మొదటి వాక్యంలోనే తుపాకీ పేల్చావు చూడు, అక్కడే నాకు చిర్రెత్తుకొచ్చింది. 1889 ఆగస్టు 14న, కాలిఫోర్నియాలోని లాత్రప్ రైల్వే స్టేషన్ హోటల్లో టిఫిన్ చేస్తున్న ఫీల్డ్‌ను పాతకక్షతో డేవిడ్ టెర్రీ కొట్టాడు. బాడీగార్డ్‌గా వచ్చిన నీగిల్ టెర్రీని కాల్చి చంపాడు. అంతా నిజమే. కానీ అక్కడ ఫీల్డ్ చేసిందేముంది? టిఫిన్ తిన్నాడు, దెబ్బలు తిన్నాడు.

మనిషిని పనిలో ఉండగా చూపించాలి. నా మొండిపట్టు ఇదొక్కటే.

1849 డిసెంబరు చివర్లో శాన్‌ఫ్రాన్సిస్కోలో దిగేసరికి ఫీల్డ్ జేబులో 10 డాలర్లు. రెండు ట్రంకుపెట్టెలు మోయించడానికే 7 పోయాయి, చవక టిఫిన్‌కు 2. కొద్ది వారాలకే కాలిఫోర్నియాలోనే మేరీస్‌విల్ అనే ఊళ్లో ఆల్కాల్డేగా గెలిచాడు, అంటే ఊరి న్యాయాధికారి. జైలు లేదు. బంగారం దొంగను జనమే ఉరి తీసేలా ఉన్నారని కొరడా దెబ్బల శిక్ష వేసి, దెబ్బలు శ్రుతి మించకుండా డాక్టర్‌ను పక్కన నిలబెట్టాడు. నువ్వు దీన్ని ఒక్క వాక్యంలో తోసేశావు!

1851లో కాలిఫోర్నియా అసెంబ్లీకి వెళ్లి సివిల్ వ్యాజ్యాల చట్టం రాశాడు. గని తగాదా కోర్టుకొస్తే, అక్కడ తవ్వుకునేవాళ్లు తమలో తాము పెట్టుకున్న కట్టుబాట్లను సాక్ష్యంగా తీసుకోవాలి, రాష్ట్ర చట్టానికి అడ్డు రాకపోతే తీర్పూ వాటి ప్రకారమే ఉండాలి అన్నాడు. మోకాలిలోతు నీళ్లలో బంగారం కోసం మట్టి కడిగేవాళ్ల మాటకు కోర్టులో విలువొచ్చింది. అప్పులపాలైన వడ్రంగి పనిముట్లు జప్తు చేయకూడదనీ రాశాడు. కథంతా ఇక్కడుంది తల్లీ.

నేను కుర్రతనంలో జప్తు మీదే ఒక కథ రాశాను. కోర్టు అమీనా మగ్గం మీద చెయ్యి వేస్తే నేతగాడి పెళ్లాం అడ్డం తిరుగుతుంది. ఓ సంపాదకుడు "ఇందులో హత్యేదండీ?" అని తిప్పి పంపాడు. ఆయన చల్లగా ఉండాలి. ఇప్పుడు అదే రోగానికి 'హుక్' అని, అంటే మొదటి వాక్యంతోనే పాఠకుణ్ణి పట్టేసే ఎర అని, పేరు పెట్టారు.

నీకు పిస్తోళ్లు లేకపోతే తోచదంటావా, ఇదిగో. మేరీస్‌విల్ రోజుల్లో అక్కడి జిల్లా జడ్జి టర్నర్‌తో వైరం ముదిరాక, బయటికి తీయకుండానే పేల్చగలిగేలా ఫీల్డ్ కోటు జేబులు కుట్టించుకున్నాడు. కొలతలు తీసుకుంటున్న దర్జీకి ఏమని చెప్పి ఉంటాడు? అది రాయి.

అలాగని దేవుణ్ణి చెయ్యకు. నువ్వు ఏరుకున్న ఆ 1889లోనే, మే నెలలో, చైనా కూలీలను దేశంలోకి రానివ్వని చట్టాన్ని సమర్థిస్తూ అమెరికా సుప్రీంకోర్టు తీర్పు రాసింది ఇతనే. నీ కథలో ఆ ఊసే లేదు.

కలం పేరు, పోటీలు, ఇవన్నీ తర్వాత చూద్దాం. ముందు అసెంబ్లీ ఘట్టం రాసి పంపు. లాత్రప్ గొడవ కావాలంటే చివర్లో ఓ పేరాలో పెట్టుకో. టెర్రీని ఉత్త రౌడీగా మాత్రం చూపించకు. అతను కాలిఫోర్నియా ప్రధాన న్యాయమూర్తిగా చేసినవాడు. 1859లో అతను ఖాళీ చేసిన కుర్చీలోనే ఫీల్డ్ కూర్చున్నాడు.