ఆఫ్రికా సినిమాలకు వేరే ఫిల్మ్ ఫెస్టివల్ ఎందుకు?

కేన్స్, బెర్లిన్ ఉండగా ఇంకోటి ఎందుకని చాలామంది అడుగుతారు. జవాబు పశ్చిమాఫ్రికా దేశం బుర్కినా ఫాసో రాజధాని వాగడూగులో జరిగే ఆఫ్రికా సినిమాల పండగ ఫెస్పాకోలో ఉంది.

ఇది 1969లో మొదలైంది. అప్పట్లో పశ్చిమాఫ్రికాలో సినిమా పంపిణీ చాలావరకు ఫ్రెంచ్ కంపెనీల చేతుల్లో ఉండేది. అక్కడివాళ్లు తీసిన సినిమా అక్కడి థియేటర్లలోనే ఆడేది కాదు! అందుకే ఈ పండగ కావాల్సి వచ్చింది. మరుసటి ఏడాదే ఆ దేశం (అప్పటి పేరు అప్పర్ వోల్టా) థియేటర్లను జాతీయం చేసింది. పేద దేశం అంత తెగువ చూపడం నాకు ఇప్పటికీ గొప్పగా అనిపిస్తుంది.

ఇప్పుడు రెండేళ్లకోసారి, బేసి సంవత్సరాల్లో జరుగుతోంది. పెద్ద బహుమతి బంగారు గుర్రం. అక్కడి మోసీ ప్రజల కథల్లో గుర్రపు స్వారీకి పేరుపడ్డ యువరాణి యెన్నెంగా పేరు మీద ఇస్తారు.

విదేశాల్లో స్థిరపడ్డ ఆఫ్రికన్లూ పోటీలో ఉంటారు. 2009లో అమెరికాలో ఉంటున్న ఇథియోపియా దర్శకుడు హైలే గెరిమా, 2021లో ఫిన్‌లాండ్‌కు వలస వెళ్లిన సోమాలీ దర్శకుడు ఖాదర్ అహ్మద్ ఆ గుర్రాన్ని గెలిచారు. అమెరికాలో ఉన్నవాళ్లయితే 1992లో లాస్ ఏంజెలెస్‌లో మొదలైన పాన్ ఆఫ్రికన్ ఫిల్మ్ ఫెస్టివల్ చూడొచ్చు. నటుడు డానీ గ్లోవర్ దాని వ్యవస్థాపకుల్లో ఒకరు.